పోస్టులు కలిపినా, విడదీసినా సీనియారిటీ లిస్టులో మీ స్థానం కాపాడుకోవడం ఎలా

పునర్వ్యవస్థీకరణ జీవో వచ్చిన రోజు అందరి ధ్యాసా పోస్టింగ్ ఎక్కడన్న దాని మీదే ఉంటుంది. సీనియారిటీ సంగతి ఆర్నెల్లకో ఏడాదికో, ప్రమోషన్ ప్యానల్ తయారయ్యే వేళకు బయటపడుతుంది. అప్పటికి 39వ నంబరులో ఉండాల్సిన పేరు 61లో ఉంటుంది. మీ తర్వాత చేరినవారు మీ పైన ఉంటారు. అభ్యంతరాల గడువు ఎప్పుడో దాటిపోయి ఉంటుంది.

ఇలాంటి తగాదాల్లో చాలావరకు మూడు ప్రశ్నల దగ్గరే తేలిపోతాయి: మీ సీనియారిటీ ఏ యూనిట్‌లో (ఏ జిల్లా, జోన్ లేదా శాఖ లిస్టులో), ఏ తేదీ నుంచి, ఏ రూలు ప్రకారం. ఈ మూడింటికీ కాగితం చూపించగలిగినవారి మాట నిలబడుతుంది. "నాకు అన్యాయం జరిగింది" అని పది పేజీలు రాసి, ఏ నంబరు దగ్గర తప్పు జరిగిందో చెప్పనివారి అర్జీ ఫైల్లోనే ఉండిపోతుంది.

ఇక్కడ చెప్పేది ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రాష్ట్రాల ఉద్యోగులను దృష్టిలో పెట్టుకుని. రెండు చోట్లా పునాది ఒకటే, 1996 నాటి స్టేట్ అండ్ సబార్డినేట్ సర్వీస్ రూల్స్. కార్పొరేషన్లు, విద్యుత్ సంస్థలు, విశ్వవిద్యాలయాలకు సొంత రెగ్యులేషన్లు ఉంటాయి. మీది అలాంటి సంస్థ అయితే ముందుగా ఆ పుస్తకం తెచ్చుకుని, కింద చెప్పే రూళ్లకు సమానమైనవి అందులో ఎక్కడున్నాయో గుర్తు పెట్టుకోండి.

అసలు జరిగిందేమిటి?

పునర్వ్యవస్థీకరణ అనే ఒక్క మాట కింద నాలుగు వేర్వేరు పనులు జరుగుతాయి. ఒక్కోదానికి ఒక్కో రూలు. ఇది తేల్చుకోకుండా అభ్యంతరం రాస్తే తప్పు రూలు పట్టుకుని వాదించినట్టవుతుంది.

మొదటిది విలీనం: రెండు విభాగాల లేదా రెండు యూనిట్ల ఉద్యోగులను ఒకే లిస్టులోకి తేవడం. మన దగ్గర దీనికి పెద్ద చరిత్రే ఉంది. 1956లో హైదరాబాద్ రాష్ట్ర ఉద్యోగులనూ ఆంధ్ర ఉద్యోగులనూ కలిపినప్పుడు ఏ పోస్టు ఏ పోస్టుకు సమానం అన్న గొడవ దశాబ్దాలు నడిచింది. హైదరాబాద్ సూపర్‌వైజర్ల తరఫున వచ్చిన మహమ్మద్ షుజాత్ అలీ కేసులో సుప్రీంకోర్టు తీర్పు 1974లో వచ్చింది. ఈమధ్య కాలంలో ఆర్టీసీ ఉద్యోగులు 2020 జనవరి 1 నుంచి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వ ప్రజా రవాణా శాఖలోకి వచ్చారు.

రెండోది విభజన: ఒక యూనిట్ రెండు మూడు ముక్కలవడం. ఇక్కడ చాలామంది పొరబడే చోటు ఒకటుంది. కొత్త జిల్లా ఏర్పడినంత మాత్రాన సీనియారిటీ యూనిట్ మారదు. రాజ్యాంగంలోని 371డి అధికరణ కింద వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వుల్లోనే లోకల్ కేడర్లు నిర్ణయమవుతాయి. ఆ ఉత్తర్వు మారేదాకా పాత జిల్లాయే యూనిట్. తెలంగాణలో జిల్లాలు 2016లోనే పెరిగాయి, కానీ కొత్త జిల్లాలు, 7 జోన్లు, 2 మల్టీజోన్లతో లోకల్ కేడర్లను నిర్ణయించిన రాష్ట్రపతి ఉత్తర్వు 2018లో వచ్చింది. దాని ప్రకారం ఉద్యోగులను కేటాయించే మార్గదర్శకాలు 2021 డిసెంబరు 6 నాటి 317 జీవోతో వచ్చాయి. ఆంధ్రప్రదేశ్‌లో 2022 ఏప్రిల్ 4న 13 జిల్లాలు 26 అయినప్పుడు ఉద్యోగులను 'ఆర్డర్ టు సర్వ్' పద్ధతిలో పంపారు. అంటే పని కొత్త జిల్లాలో, సీనియారిటీ ఉమ్మడి జిల్లాలో. కాబట్టి మీ చేతిలో ఉన్న ఆర్డరు కేటాయింపు ఆర్డరా, ఆర్డర్ టు సర్వా అన్నది ముందు చూడండి.

మూడోది పోస్టు రద్దు చేసి ఉద్యోగిని వేరే శాఖలో సర్దడం. తెలంగాణలో 2020 చట్టంతో వీఆర్వో పోస్టులు రద్దయ్యాయి, 2022లో వారిని రకరకాల శాఖలకు పంపారు. ఇలాంటి చోట అన్నీ ఆ జీవోలోని సీనియారిటీ క్లాజు మీదే ఆధారపడతాయి. కొత్త శాఖలో చేరిన తేదీ నుంచే లెక్కిస్తామని ఉందా, పాత సర్వీసు లెక్కలోకి వస్తుందని ఉందా, అసలు ఆ ప్రస్తావనే లేదా? లేకపోతే చేరిన మొదటి నెలలోనే స్పష్టత కోరుతూ లేఖ పెట్టాలి. మీరు అడగకపోతే ఆ ఖాళీని ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షన్ తనకు తోచినట్టు పూరిస్తుంది, రెండేళ్ల తర్వాత అదే ఆనవాయితీ అవుతుంది.

నాలుగోది పేరు మార్పు లేదా అప్‌గ్రేడేషన్. స్కేలు, విధులు మారకుండా హోదా పేరు మాత్రమే మారితే పాత లిస్టే కొనసాగాలి. కొందరిని మాత్రమే ఎంపిక చేసి పై స్కేలుకు తీసుకెళ్తే అది పేరుకు ఏదైనా నిజానికి ప్రమోషనే. అప్పుడు రిజర్వేషన్ రోస్టరు, ప్యానల్ నియమాలన్నీ వర్తిస్తాయి.

దగ్గర ఉంచుకోవాల్సిన కాగితాలు

లిస్టు వచ్చాక వెతుక్కుంటే గడువు సరిపోదు. పునర్వ్యవస్థీకరణ ప్రకటన వినగానే వీటిని ఒక ఫైల్లో పెట్టండి: అపాయింట్‌మెంట్ ఆర్డరు, దానికి జతపరిచిన ఎంపిక జాబితా (మీ మెరిట్ నంబరు ఉన్న పేజీ), చేరిక రిపోర్టు, రెగ్యులరైజేషన్ ఆర్డరు, ప్రొబేషన్ డిక్లరేషన్ ఆర్డరు, ప్రతి బదిలీ ఆర్డరు, డిపార్ట్‌మెంటల్ పరీక్షలు పాసైన గెజిట్ కాపీలు, పాత యూనిట్‌లో చివరగా ప్రకటించిన ఫైనల్ సీనియారిటీ లిస్టు. ఆ చివరిది అన్నిటికన్నా విలువైనది. పాత యూనిట్ రద్దయ్యాక ఆ లిస్టు ఏ బీరువాలో ఉందో ఎవరికీ తెలియని పరిస్థితి తరచూ వస్తుంది.

సర్వీస్ రిజిస్టరును ఒకసారి సొంతంగా చూసుకుని, మొదటి పేజీల నుంచి ఫోటోలు తీసుకోండి. పునర్వ్యవస్థీకరణలో ఈ రిజిస్టర్లు (ఎస్సార్‌లు) ఒక ఆఫీసు నుంచి మరో ఆఫీసుకు కట్టలుగా వెళ్తాయి. ప్రొబేషన్ డిక్లరేషన్ ఎంట్రీ లేకపోవడం, రెగ్యులరైజేషన్ తేదీకి బదులు చేరిన తేదీ రాయడం లాంటి లోపాలు అప్పుడు బయటపడితే సరిచేసే అధికారి ఎవరన్నదే పెద్ద ప్రశ్న అవుతుంది. పాత ఆఫీసు నుంచి రిలీవ్ కాకముందే అటెస్ట్ చేయించుకోండి.

లేని కాగితాలకు సమాచార హక్కు చట్టం 6(1) సెక్షన్ కింద దరఖాస్తు పెట్టండి. జవాబుకు గడువు 30 రోజులు. "నా సీనియారిటీకి సంబంధించిన సమస్త సమాచారం" అని అడగకండి, అలాంటి దరఖాస్తుకు ముక్కలు ముక్కలుగానే సమాధానం వస్తుంది. ఫలానా తేదీ ప్రొవిజనల్ (అభ్యంతరాల కోసం ముందుగా ప్రకటించే) లిస్టు తయారీకి సంబంధించిన నోట్ ఫైల్, కరెంట్ ఫైల్ కాపీలు, ఫలానా కేటగిరీ మంజూరు పోస్టుల జీవో, రోస్టర్ రిజిస్టరులో ఫలానా పాయింట్ నుంచి ఫలానా పాయింట్ దాకా ఉన్న పేజీలు అని విడివిడిగా రాయండి. అవతలివారి వ్యక్తిగత వివరాలు అడిగితే తిరస్కరిస్తారు. వారి అపాయింట్‌మెంట్ తేదీ, చేరిన తేదీ, ప్రొబేషన్ తేదీ మాత్రమే అడగండి, మీ లెక్కకు అంతకు మించి అవసరం లేదు.

ఏ రూలు దేనికి

1996 రూళ్లలో ఈ విషయానికి ముఖ్యమైనవి మూడు: 33, 34, 35.

33(ఎ) మూలసూత్రం. ఒక కేటగిరీలో సీనియారిటీ ఆ కేటగిరీలో తొలి నియామకం తేదీని బట్టి ఉంటుంది, శిక్షగా కింది హోదాకు దించితే తప్ప. ఒకే ఆర్డరుతో ఇద్దరు ముగ్గురిని నియమించి వారి మధ్య ప్రాధాన్యక్రమం నిర్ణయించి ఉంటే, లేదా ఎంపిక సంస్థ మెరిట్ క్రమం ఇచ్చి ఉంటే, ఆ క్రమమే నిలుస్తుంది. ఇది 33(బి).

34 విలీనం రూలు. వేర్వేరు యూనిట్ల వారితో ఉమ్మడి లిస్టు తయారుచేయాల్సి వస్తే 33(ఎ) ప్రకారం తేదీలను బట్టి చేయాలి, అయితే ఒక్కో యూనిట్‌లో ఉన్నవారి మధ్య క్రమం చెదరకూడదు. విలీనం తగాదాల్లో అత్యధికం ఈ చివరి షరతును మరిచిపోవడం వల్ల వచ్చేవే.

35 బదిలీల రూలు. పరిపాలనా కారణాలతో ఒక యూనిట్ నుంచి మరో యూనిట్‌కు పంపితే పాత యూనిట్‌లోని తొలి నియామకం తేదీయే మీతో వస్తుంది. సొంత అభ్యర్థన మీద వెళ్తే కొత్త యూనిట్‌లో చేరిన తేదీ నుంచే లెక్క. ఈ రెండు మాటల మధ్య పదేళ్ల సీనియారిటీ తేడా ఉండవచ్చు. అందుకే పునర్వ్యవస్థీకరణ సమయంలో ఏ ఫారం మీద సంతకం పెట్టినా, అందులో "నా స్వంత అభ్యర్థన మీద" అనే మాట ఉందా అని చూడాలి. ప్రభుత్వం అడిగితే ఆప్షన్ ఇవ్వడం వేరు, మీరే బదిలీ కోరడం వేరు. ఆర్డరులో తప్పుగా 'రిక్వెస్ట్' అని పడితే చేరిన వారంలోనే సవరణ కోరండి. చేరిపోయి, మూడేళ్లు పనిచేసి, లిస్టు వచ్చాక అది పరిపాలనా బదిలీ అని వాదించడం చాలా కష్టం.

రిక్వెస్ట్ మీద వెళ్లి సీనియారిటీ పోగొట్టుకున్నవారికీ ఒక హక్కు మిగులుతుంది. పాత యూనిట్‌లో చేసిన సర్వీసు ప్రమోషన్ అర్హతకు కావలసిన అనుభవంగా లెక్కకు వస్తుందని 1998లో వి.ఎం. జోసెఫ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. లిస్టులో స్థానం కిందికి పోతుంది, అనుభవం మాత్రం సున్నా కాదు. "అయిదేళ్ల సర్వీసు లేదు కాబట్టి మీ పేరే పరిశీలించలేదు" అని మెమో వస్తే దీన్ని చూపించవచ్చు.

తాత్కాలిక, అడ్‌హాక్ సర్వీసు విషయం కూడా ఇక్కడే తేల్చుకోవాలి. 1990లో మహారాష్ట్ర ఇంజనీర్ల కేసులో రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది ఇది: రూల్స్ ప్రకారం నియమితులైతే సీనియారిటీ నియామకం తేదీ నుంచే, కన్ఫర్మేషన్ నుంచి కాదు, రూల్స్‌కు బయట, ఖాళీ నింపడానికి చేసిన తాత్కాలిక ఏర్పాటైతే ఆ కాలం లెక్కకు రాదు. మీ తొలి ఆర్డరులో తాత్కాలిక నియామకాలకు సంబంధించిన రూలు 10 ప్రస్తావన ఉంటే ఆ కాలాన్ని కలిపి అడగడానికి తొందరపడకండి. ముందు రెగ్యులరైజేషన్ ఆర్డరు ఏ తేదీ నుంచి ఇచ్చారో చూడండి.

లిస్టును లెక్కగట్టి చూడటం

ప్రొవిజనల్ లిస్టు చేతికి రాగానే మీ నంబరు కోసం కాకుండా మొదటి పేజీ కోసం చూడండి. ఏ కేటగిరీ, ఏ యూనిట్, ఏ తేదీ నాటికి, ఏ రూలు ఆధారంగా తయారుచేశారో అక్కడ ఉండాలి. లేకపోతే అదే మీ మొదటి అభ్యంతరం.

తర్వాత మీకు పైన పది మందిని, కింద పది మందిని పాత ఫైనల్ లిస్టుతో పోల్చండి. మీ పాత యూనిట్ వారందరికీ రంగు పెన్సిల్‌తో గుర్తు పెట్టి, కొత్త లిస్టులో వారు పాత వరసలోనే దిగుతున్నారా చూడండి. ఎవరైనా ఒకరు వరస తప్పి ఉంటే 34వ రూలు ఉల్లంఘన జరిగినట్టే, వేరే పరిశోధన అక్కర్లేదు.

ఈ తప్పు ఎలా జరుగుతుందో ఒక లెక్కతో చూద్దాం. 'ఎ' యూనిట్‌లో మెరిట్ క్రమం ఎ1, ఎ2, ఎ3. చేరిన తేదీలు వరసగా 18-7-2012, 30-7-2012, 19-7-2012. ఎ2 తనకిచ్చిన గడువులోపే, కానీ చివర్లో చేరారు. 'బి' యూనిట్‌లో బి1 చేరింది 16-7-2012న, బి2 చేరింది 25-7-2012న. సెక్షన్‌లో అయిదుగురినీ చేరిక తేదీ ప్రకారం పేరిస్తే బి1, ఎ1, ఎ3, బి2, ఎ2 అని వస్తుంది. ఎ2 పాత లిస్టులో ఎ3 కన్నా పైన ఉండి కొత్త లిస్టులో అట్టడుగుకు పోయారు. ఇది తప్పు.

సరిచేయడానికి రెండు దారులు కనిపిస్తాయి. ఎ2ను ఎ3 పైకి తేవడం: బి1, ఎ1, ఎ2, ఎ3, బి2. లేదా ఎ3ను ఎ2 కిందికి దించడం: బి1, ఎ1, బి2, ఎ2, ఎ3. రెండింటిలోనూ యూనిట్ వరస చెదరదు. కానీ రెండోదాంట్లో ఏ తప్పూ లేని ఎ3, తనకన్నా ఆరు రోజుల తర్వాత చేరిన బి2 కిందికి పోతున్నారు. గడువులోపు చేరిన మెరిట్ అభ్యర్థికి తన వెనకవారి తేదీ ఇచ్చి పైకి తేవడమే సబబు. అయితే బి2 దీన్ని ఒప్పుకోరని కూడా తెలిసి ఉండాలి. ఎ2 గడువు పొడిగింపు తీసుకుని చేరారా, గడువు దాటి చేరారా అన్నదే అక్కడ అసలు ప్రశ్న. ఎ2 స్థానంలో మీరుంటే చేరిక గడువు ఉన్న ఆర్డరు పేజీని తప్పకుండా జతచేయండి.

ఇంకో తప్పు ఎక్సెల్ చేసేది. తేదీలను తేదీలుగా కాక అక్షరాలుగా టైపు చేస్తే, కంప్యూటరు ముందున్న రోజు అంకెను బట్టి పేరుస్తుంది. 01-09-2015న చేరినవారు 02-03-2009న చేరినవారికన్నా పైకి వెళ్లిపోతారు. వందల పేర్ల లిస్టులో ఇది ఎవరి కంటా పడదు. మీ లిస్టులో చేరిక తేదీల వరసలో రోజు అంకెలు 01, 01, 02, 02, 03 అని పెరుగుతూ, సంవత్సరాలు మాత్రం చిందరవందరగా ఉన్నాయంటే కారణం అదే. దీనికి రూల్స్ వాదన అక్కర్లేదు. సెక్షన్ సూపరింటెండెంట్‌కు లిస్టు చూపించి చెబితే చాలు, కానీ లిఖితపూర్వకంగా కూడా ఇవ్వండి.

విలీనంలో పోస్టుల సమానత్వం గురించి అభ్యంతరం ఉంటే కొలమానాలు వేరు. 1981లో చంద్రకాంత్ అనంత్ కులకర్ణి కేసులో సుప్రీంకోర్టు ఎత్తిచూపినవి నాలుగు: విధుల స్వభావం; అధికారాలు, బాధ్యతలు, పరిధి; నియామకానికి కనీస విద్యార్హత; జీతం. మొదటి మూడూ కలిస్తే జీతంలో తేడా ఒక్కటే అడ్డు కాదు. చాలామంది పే స్కేలు ఒక్కటే పట్టుకుని వాదిస్తారు. జాబ్ చార్టు, ఆర్థిక అధికారాల అప్పగింత ఆర్డరు, పాత నియామక నోటిఫికేషన్ జతపరిస్తే ఆ వాదనకు బలం వస్తుంది.

అభ్యంతరం రాయడం

గడువు ప్రొవిజనల్ లిస్టు పంపిన మెమోలోనే ఉంటుంది. మీరు లిస్టు చూసిన రోజు నుంచి కాదు, మెమోలో చెప్పిన తేదీ నుంచి లెక్కపెట్టుకోండి. లిస్టు మీకు ఆలస్యంగా అందితే అందిన తేదీ వేసి సంతకం పెట్టండి, ఆ కాపీని దాచుకోండి.

ఒకటిన్నర పేజీ చాలు. ఈ తరహాలో ఉండాలి:

"ఫలానా తేదీ మెమోతో ప్రకటించిన సీనియర్ అసిస్టెంట్ల ప్రొవిజనల్ సీనియారిటీ లిస్టులో నా పేరు క్రమసంఖ్య 61లో ఉంది. ఎంపిక జాబితాలో నా మెరిట్ సంఖ్య 14. మెరిట్ సంఖ్య 15 నుంచి 22 వరకు ఉన్నవారిని క్రమసంఖ్య 39 నుంచి 46 వరకు చూపించారు. ఫలానా సంవత్సరం ఫైనల్ లిస్టులో నా స్థానం వారి పైన ఉంది (జతపరిచాను). స్టేట్ అండ్ సబార్డినేట్ సర్వీస్ రూల్స్, 1996లోని 34వ రూలు ప్రకారం ఉమ్మడి లిస్టులో యూనిట్ లోపలి క్రమం మార్చరాదు. కాబట్టి నా పేరును ప్రస్తుత క్రమసంఖ్య 38, 39ల మధ్య చేర్చవలసిందిగా కోరుతున్నాను. నా అభ్యంతరాన్ని తిరస్కరించే పక్షంలో కారణాలు చూపుతూ ఆర్డరు ఇవ్వాలని, అది తేలేదాకా క్రమసంఖ్య 39 నుంచి 46 వరకు ఉన్నవారి ప్రమోషన్లను తుది లిస్టుకు లోబడి మాత్రమే చేయాలని ప్రార్థన."

ఇందులో ఏ రెండు నంబర్ల మధ్య చేర్చాలో స్పష్టంగా అడిగారు. ఎవరి స్థానం మారుతుందో, ఏ కాగితం చూడాలో చెప్పారు. ఇలా రాసిన అర్జీని ఫైలు పెట్టే అసిస్టెంటు నేరుగా నోట్‌లో ఎత్తి రాయగలడు. అతని పని తేలికచేస్తే మీ పని ముందుకు కదులుతుంది.

తపాలు సెక్షన్‌లో ఇచ్చి ఇన్‌వార్డు నంబరు, తేదీ, ముద్ర మీ కాపీ మీద వేయించుకోండి. నియామకాధికారికి నేరుగా ఇవ్వకూడదన్న ఆనవాయితీ ఉన్న చోట పైఅధికారి ద్వారా పంపి, ముందస్తు కాపీ స్పీడ్ పోస్టులో నియామకాధికారికి పంపండి. సంఘం తరఫున ఒక అర్జీ ఇచ్చినా మీ సొంత అర్జీ విడిగా ఉండాలి. సంఘంలో ఎ2లు, బి2లు ఇద్దరూ సభ్యులే. సంఘం పద్ధతి గురించి మాట్లాడగలదు గానీ మీ ఒక్కరి నంబరు కోసం పట్టుబట్టలేదు.

ఏమి వాదించకూడదో కూడా చెప్పాలి. "ఈ విలీనం వల్ల నా ప్రమోషన్ అవకాశాలు తగ్గాయి" అన్న వాదన ఒక్కటే నిలబడదు. ప్రమోషన్‌కు పరిశీలించబడే హక్కు సర్వీసు షరతు, ప్రమోషన్ వచ్చే అవకాశం మాత్రం సర్వీసు షరతు కాదని షుజాత్ అలీ కేసు నుంచీ కోర్టులు చెబుతూనే ఉన్నాయి. బాధ నిజమే. కానీ అర్జీలో ఆ బాధకన్నా రూలు ఎక్కడ తప్పారో ముందు రావాలి.

ఆలస్యం చేసే నష్టం

ఫైనల్ లిస్టు వచ్చేసింది, మీ అభ్యంతరం తోసేశారు లేదా పట్టించుకోలేదు. మీ సర్వీస్ రూల్స్‌లో అప్పీలు ఉంటే దాని గడువులోపు వేయండి. తర్వాతది హైకోర్టే. ఒకప్పుడు రాష్ట్ర ఉద్యోగుల కేసులు వినే అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ పరిధి తెలంగాణకు 2016లో, ఆంధ్రప్రదేశ్‌కు ఆ తర్వాత కొన్నేళ్లకు ముగిసింది. ఇప్పుడు 226వ అధికరణ కింద రిట్ పిటిషన్ వేయాలి.

రిట్‌కు చట్టంలో ఇన్ని రోజులని గడువు లేకపోయినా సీనియారిటీ కేసుల్లో కోర్టులు కాలాన్ని కఠినంగా చూస్తాయి. మీ కన్నా జూనియర్‌కు ప్రమోషన్ వస్తే ఆర్నెల్లు, మహా అయితే ఏడాదిలోపు రావాలని సుప్రీంకోర్టు సదాశివస్వామి కేసులో చెప్పింది. లిస్టును సవాలు చేయడానికి మూడు నాలుగేళ్లు దాటితే కుదిరిన సీనియారిటీని కదపడానికి ఇష్టపడరు. 1986లో వచ్చిన ముద్గల్ కేసు అందుకు మూలం. జీతం కోతలాంటి కొనసాగే నష్టాల్లో ఆలస్యాన్ని కొంతవరకు మన్నిస్తారు గానీ, మూడోవారి స్థానం మారే సీనియారిటీలో మన్నించరని 2008లో తర్సేమ్ సింగ్ కేసులో స్పష్టం చేశారు.

అందువల్ల అర్జీ మీద అర్జీ పెట్టుకుంటూ పోవడం ప్రమాదకరం. పదో అర్జీకి జవాబు వచ్చిందని మొదటి నష్టానికి కొత్త గడువు మొదలవదు. ఒక అర్జీ, ఒక రిమైండరు, ఆ తర్వాత న్యాయవాది.

కోర్టుకు వెళ్లేటప్పుడు ఎవరిని ప్రతివాదులుగా చేర్చాలన్నది చాలా కేసుల్ని మధ్యలో దెబ్బతీసే అంశం. మీరు 39 నుంచి 46 వరకు ఉన్నవారి కన్నా పైకి రావాలంటే ఆ ఎనిమిది మందినీ చేర్చాలి. వారిని వినకుండా వారి స్థానం మార్చరు. లిస్టు తయారుచేసిన సూత్రాన్నే సవాలు చేస్తుంటే పరిస్థితి వేరు. రైల్వే ధాన్యపు దుకాణాల విభాగం నుంచి సర్దుబాటైన ఉద్యోగుల సీనియారిటీ మీద సికింద్రాబాద్ దక్షిణ మధ్య రైల్వే జనరల్ మేనేజర్‌కు, సిద్ధాంతికి మధ్య నడిచిన కేసులో, విధాన నిర్ణయాన్ని ప్రశ్నించేటప్పుడు ప్రభావితులందర్నీ చేర్చనక్కర్లేదని 1974లో సుప్రీంకోర్టు చెప్పింది. అయినా కొందరినైనా ప్రతినిధులుగా చేర్చడమే క్షేమం.

మధ్యంతర ఉత్తర్వుగా ప్రమోషన్లన్నీ ఆపమని అడగడం కన్నా, ఫలానా ప్యానల్ ద్వారా చేసే ప్రమోషన్లు తీర్పుకు లోబడి ఉండాలనీ, ఒక పోస్టు ఖాళీగా ఉంచాలనీ అడిగితే దొరికే అవకాశం ఎక్కువ. మన దగ్గర ప్యానల్ సంవత్సరం సెప్టెంబరు 1 నుంచి మరుసటి ఆగస్టు 31 వరకు. ప్రమోషన్లు పరిశీలించే కమిటీ (డీపీసీ) కూర్చోవడానికి ముందే పిటిషన్ నంబరు పడేలా చూసుకోండి.

కేసు నడుస్తుండగా మీకే ప్రమోషన్ వస్తే, తక్కువ స్థానంలో వచ్చిందని వదిలేయకండి. 28వ రూలు కింద హక్కును వదులుకున్నట్టు రాసిస్తే తర్వాత దాన్ని వెనక్కి తీసుకోలేరు. "నా సీనియారిటీ వివాదానికి భంగం లేకుండా చేరుతున్నాను" అని చేరిక రిపోర్టులో ఒక వాక్యం రాసి చేరండి.

లిస్టు సరిచేశాక

మీ అభ్యంతరం ఒప్పుకున్నా, తీర్పు మీవైపు వచ్చినా, పని అక్కడితో పూర్తి కాదు. లిస్టులో పేరు పైకి తెచ్చి ఊరుకుంటారు. జూనియర్‌కు ప్రమోషన్ వచ్చిన ప్యానల్ సంవత్సరానికి రివ్యూ డీపీసీ పెట్టి, ఆ జూనియర్ తేదీనే మీకు నోషనల్ (కాగితం మీద లెక్కించే) ప్రమోషన్ తేదీగా ఇవ్వమని విడిగా అర్జీ పెట్టాలి. నోషనల్ కాలానికి సాధారణంగా బకాయి జీతం ఇవ్వరు, ఆ పోస్టులో పనిచేయలేదన్న కారణంతో. కానీ జీతం ఆ తేదీ నుంచి కాగితం మీద స్థిరపరిచి, చేరిన రోజు నుంచి పెరిగిన జీతం ఇవ్వాలి. ఇంక్రిమెంట్ నెల కూడా దాంతో మారవచ్చు, చూసుకోండి.

సవరించిన క్రమసంఖ్య, నోషనల్ తేదీ, రెండింటినీ ఆర్డరు నంబరుతో సహా ఎస్సార్‌లో ఎర్ర సిరాతో నమోదు చేయించి, అధికారి సంతకం, ముద్ర పడ్డాక ఆ పేజీ కాపీ తీసుకోండి. పై కేటగిరీ ప్రొవిజనల్ లిస్టు మళ్లీ వచ్చినప్పుడు దాన్ని తయారుచేసేవారు చూసేది ఈ పేజీనే.